ఇరవై మూడో రేకు

సైదాపురం గనోళ్ళు అభ్రకం దిమ్మెని బుక్కు అంటారు.
సంతకం రాని మా అమ్మ చెంగమ్మ
రోజుకి ముప్పై బుక్కులు విప్పేది,
కొడవలి కత్తి మొనతో, పేజీ పేజీ,
చిరగకుండా.
సాయంత్రం కొంగు దులిపితే
మా వాకిట్లో చీకటి కాస్త ఆలస్యంగా పడేది.

షెడ్డు ఎదురుగా రేడియోలు బాగుచేసే జిలానీ బంకు.
సగం పాత వాల్వులు, సగం అప్పులు.
అమ్మ దగ్గర తునకలు కొనేవాడు,
సేరు లెక్కన కాదు, గోటితో మోగించి విని.
"ఇది పలుకుతాది చెంగమ్మక్కా, ఇది మూగది" అని
రెండు కుప్పలు పోసేవాడు.
మేం నవ్వేవాళ్ళం.

మూడేళ్ళు పట్టింది.
పుల్లలు పీకేసిన సైకిలు రిమ్ము,
వాటి చోట ఎండ్రకాయ కాళ్ళలా వంచిన ఇత్తడి తీగలు,
తీగకో రేకు, మొత్తం నలభై ఒకటి.
పేరేంది అని అడిగితే
"పేరు పెడితే దీనికీ లైసెన్సు కట్టమంటారు" అన్నాడు.

మిట్టమధ్యాహ్నం, బంకు కప్పుకున్న మేకు బొక్కలోంచి
దిగిన ఒక్క ఎండపుల్లకి ఎదురుగా వేలాడదీసి
మొదటి రేకు తాకాడు.
ఎండ మోకాలు మడిచింది.
నేలమీద పడాల్సింది పక్కకి తిరిగి
సున్నపు గోడ మీద
నిమ్మపండు రంగులో నడిచింది.
చప్పుడు మాత్రం రాలేదు.
"వచ్చేసింది," అన్నాడు జిలానీ, "నిన్న.
నిన్న మజ్జానం కుక్కలన్నీ ఎందుకు లేచినాయి మరి?"

కొన్ని రేకులు వెనక్కి పలికేవి.
ఏడోది మీటితే, ఎప్పుడో పూడ్చేసిన గనిలోంచి
కప్పీ కిర్రుమనడం,
ఎవరో "లాగండ్రా" అనడం.
కొన్ని ముందుకి.
పదమూడోది వానని రెండు రోజుల ముందే వినిపించేది.
ఒకటి రెండుసార్లు తప్పింది.
అప్పుడు గూడూరులో కురిసిందని తర్వాత తెలిసింది.

ఇరవై మూడోది మీటిన రోజు అమ్మ కూడా ఉంది,
ఒళ్ళో జల్లెడ.
సన్నగా, ఇసక మీద చీపురు లాగినట్టు,
లాగి ఆపినట్టు,
మళ్ళీ లాగడానికి ఎవరో బలం కూడదీసుకుంటున్నట్టు.
గోడ మీద వెలుగు ఎటూ పోలేదు,
పక్కటెముకల్లా చారలు చారలుగా నిలబడింది.
"ఏందబ్బా అది?" అంది అమ్మ.
జిలానీ రేకు మీద అరచెయ్యి పెట్టి ఆపాడు.
"మూగది," అన్నాడు. "పొరపాటున ఈ కుప్పలో పడింది."

మర్నాడు, గుమాస్తా పారేస్తే మేం తెచ్చుకున్న
కరెంటు ఇస్త్రీపెట్టెని బాగుచేసి ఇచ్చాడు.
డబ్బులు తీసుకోలేదు.
కళ్ళెత్తలేదు కూడా.

ముప్పై ఏళ్ళ తర్వాత, నెల్లూరు పెద్దాసుపత్రిలో
డాక్టరమ్మ ఎక్స్‌రే ఫిల్మును కిటికీకి ఎత్తి పట్టుకుంది,
అచ్చం అమ్మ పలకని పట్టుకున్నట్టే,
మచ్చ ఎక్కడుందా అని వెతికే చూపుతో.
చారలు. చారల మధ్య పొడి చల్లినట్టు తెల్లని చుక్కలు.
"ఏం పని చేసేవారు ఈమె?"
"బుక్కులు విప్పేది," అన్నాను.
నాకు వేరే మాట రాలేదు.
వెనక మంచం మీద ఊపిరి
చీపురు లాగి, ఆపి,
మళ్ళీ.

నేను అప్పుడు ఏడవాల్సింది.
వినడానికే సరిపోయింది.
ఒకసారి విన్న చప్పుడుని
మనిషి ఇంత నిమ్మళంగా వింటాడని నాకు తెలీదు.

జిలానీ ఏ ఊరు పోయాడో. బంకులో ఇప్పుడు
సెల్లు రీచార్జీలు.
రిమ్ము పాత ఇనుముకి వెళ్ళిందంటారు.
ఇస్త్రీపెట్టె నా దగ్గరుంది.
పోయినేడు కాయిలు పోయి విప్పిస్తే
లోపల తీగ చుట్టిన పలక,
ఓ మూల గుండుసూదితో గీరిన అంకె.
మార్చేద్దాం అన్నాడు కుర్రాడు. వద్దన్నాను.

వేడెక్కడం కాస్త ఆలస్యం.
చొక్కా మీద నీళ్ళు చిలకరించి నడిపితే
అదే చప్పుడు, ఇసక మీద చీపురు.
లాగుతాను.
రెండో చెయ్యి అయ్యేదాకా
ఆపను.